వోల్ఫ్ బియర్‌మన్ కచేరీ, ఏ.ఆర్.డి. ప్రసారం: మీరు విన్న అనుభవాలు రాయండి

కొలోన్ నివాసి:
జర్మనీలో ఉంటున్న మనం ఇంటికి నెలకు 18.36 యూరోల ప్రసార రుసుము కడుతున్నాం. ఆ సొమ్ముతో నడిచే ఏ.ఆర్.డి. వంటి టెలివిజన్ రాజకీయ పాటకు నిజంగా చోటిచ్చిన సందర్భం ఉందా అని అడిగితే, ఇక్కడి పెద్దవారు నాకు అప్పటి కమ్యూనిస్టు తూర్పు జర్మనీ కవి, గాయకుడు బియర్‌మన్ పేరు చెప్పారు. ఆయన కచేరీని ఏ.ఆర్.డి. ప్రసారం చేసిన ఆ రోజులు చూసినవారి నుంచి మీరేమి విన్నారో దయచేసి తెలపండి.

లైప్‌జిగ్ నివాసి:
మా ఇంటి యజమానురాలు అప్పట్లో తూర్పు జర్మనీ పౌరురాలు. 1965 డిసెంబరు నుంచి బియర్‌మన్‌కు అక్కడ వేదిక ఎక్కే అవకాశం గానీ, అచ్చులో కనబడే వీలు గానీ లేకపోవడంతో, ఆయన పాటలు టేపు నుంచి టేపుకు ఎక్కి రహస్యంగా చేతులు మారేవని, తనకు ఆయన గొంతు తెలిసినా ముఖం తెలియదని ఆమె చెప్పారు. 1976 నవంబరు 13న లోహ కార్మికుల సంఘం పిలుపు మీద ఆయన పశ్చిమ జర్మనీలోని కొలోన్‌లో నాలుగు గంటలకు పైగా పాడారు. 16న తూర్పు జర్మనీ ప్రభుత్వం ఆయన పౌరసత్వాన్ని రద్దు చేసింది. 19 రాత్రి పశ్చిమ జర్మనీ టెలివిజన్ ఏ.ఆర్.డి. కచేరీ మొత్తాన్నీ చూపినప్పుడు, ఆమె ఇంటివాళ్ళు కిటికీ తెరలు దించి, శబ్దం బాగా తగ్గించి, చివరిదాకా కూర్చున్నారు. ఇంటికి రానివ్వని మనిషి తమ గదిలోనే గిటారు వాయిస్తున్నట్టు అనిపించిందని చెబుతూ ఆమె కన్నీళ్ళు పెట్టుకున్నారు.

డ్రెస్డెన్ నివాసి:
మా ఊరి చుట్టుపక్కలకు పశ్చిమ జర్మనీ టీవీ సంకేతాలు అందేవి కావు. నా సహోద్యోగి తండ్రికి ఆ సంగతి రేడియో ద్వారానే తెలిసింది. ఒక విషయం మరువరాదు. బియర్‌మన్ కమ్యూనిజానికి శత్రువు కాదు. ఆయన తండ్రి యూదుడు, కమ్యూనిస్టు. 1943లో ఆష్విట్జ్‌లో నాజీలు ఆయనను చంపారు. పశ్చిమాన హాంబుర్గ్‌లో పుట్టిన కొడుకు 1953లో, పదహారేళ్ళ వయసులో, కోరి తూర్పు జర్మనీకి వెళ్ళాడు. తమవాడే నిలదీశాడు కాబట్టే ఆ ప్రభుత్వం అంతగా ఉలిక్కిపడిందని నా అభిప్రాయం. క్రిస్టా వోల్ఫ్, స్టెఫాన్ హైమ్ వంటి తూర్పు జర్మనీ రచయితలు 17వ తేదీనే బహిరంగంగా నిరసన తెలిపారు.

కొలోన్ నివాసి:
కృతజ్ఞతలు. కచేరీని ముక్కలు చేసి వార్తల్లో చూపకుండా పూర్తిగా ప్రసారం చేయడమే నాకు అన్నిటికంటే విలువైనదిగా తోస్తోంది, ఎందుకంటే అందులో ఆయన విమర్శా ఉంది, ఆ దేశంపై మమకారమూ ఉంది. లైప్‌జిగ్ మిత్రులారా, ఆ తరువాత ఆవిడ ఆయనను ఎదురుగా చూడగలిగారా?

లైప్‌జిగ్ నివాసి:
చూశారు. 1989 డిసెంబరు 1న ఆయన మా ఊరిలో పాడినప్పుడు, ఆ చలిలో ఆమె తన అక్కతో కలిసి వెళ్ళారు.