సమస్య: ఓడ మునిగి పిదప నొడ్డు చేరె

నిర్వాహకుడు:
ఈసారి ఆటవెలది. సైబీరియాకు ఉత్తరాన మంచు సముద్రంలో ఉన్న డిలాంగ్ దీవుల మీద రాయండి. మొత్తం ఐదు, మనిషన్నవాడు ఉండడు. 1881లో అమెరికా నౌకాదళ అధికారి డిలాంగ్, మంచులో ఇరుక్కుపోయిన జీనెట్ ఓడ మీద నుంచే మొదటి రెండూ చూశాడు. ఓడ కొని డబ్బు పెట్టింది న్యూయార్క్ హెరాల్డ్ పత్రిక యజమాని బెన్నెట్. అందుకే ఒక దీవికి ఆయన పేరు, ఒకదానికి ఆయన తల్లి హెన్రియెటా పేరు, ఇంకోదానికి ఓడ పేరు. ఆ ఓడ పేరూ ఆయన చెల్లెలిదే.

పూరణ 1:
చెల్లి పేరు మోసె జీనెటు నౌకయే
మంచు పట్టి నలిపి ముంచె దాని
దీవి కదియె పేరు తీరుగా నిలువగ
నోడ మునిగి పిదప నొడ్డు చేరె

విమర్శ:
మంచు, ముంచె ప్రాసయతి (రెండో అక్షరాల పొంతన) చాలా బాగా పడింది మాష్టారూ. కానీ దీవి కనబడి పేరు పెట్టింది మే నెలలో, ఓడ మునిగింది జూన్‌లో. సమస్యలో ‘పిదప’ ఉంది కదా, మునిగాక జరిగింది చెప్పాలి.

జవాబు:
నిజమేనండీ, నెలలు చూసుకోలేదు. ఓడలోని 33 మందిలో 20 మంది పోయారు, డిలాంగ్ సైబీరియాలోని లీనా నది డెల్టా దాకా చేరి ఆకలితో చనిపోయాడు, 1882 మార్చిలో అదే ఓడ ఇంజనీరు మెల్విల్ వెతుక్కుంటూ వెళ్తే శవాలతో పాటు ఆయన చేత్తో రాసిన డైరీ కూడా దొరికింది. మూడో పాదం మారుస్తున్నాను:
దీవి కిడిన పేరు దినచర్య మోయగ

పూరణ 2:
మంచు పలక మీద మాసిన వస్త్రముల్
కాగితములు కొన్ని కదలిరాగ
మూడు వత్సరములు ముగిసిన పిమ్మట
నోడ మునిగి పిదప నొడ్డు చేరె

విమర్శ:
అక్కా, ఇది అచ్చంగా జరిగిందే! 1884లో ఆ ఓడ వస్తువులు గ్రీన్‌లాండ్ తీరంలో దొరికాయి, ఆ వార్తతోనే నార్వే ధ్రువయాత్రికుడు నాన్సెన్‌కు ఫ్రామ్ ఓడను కావాలని మంచులో వదిలి తేలనిద్దామన్న ఆలోచన వచ్చింది. అయితే ‘పిమ్మట’, ‘పిదప’ పక్కపక్కనే పునరుక్తి. ‘ముగియ గ్రీన్లాండున’ అంటే యతీ చెడదు, చోటూ తెలుస్తుంది. దీవుల మాట మాత్రం పద్యంలో రాలేదు.

జవాబు:
ఆ కాగితాల్లో ఒకదాని మీద డిలాంగ్ సంతకం ఉంది తమ్ముడూ, ఐదింటికీ కలిపి ఇప్పుడున్నది ఆయన పేరే, నా మనసులో ఉన్నది అదే. గ్రీన్‌లాండును రెండు గణాలుగా విరవొచ్చని తట్టలేదు, నువ్వు చెప్పిందే ఉంచేస్తున్నా.