రాగ్‌డాల్ బొమ్మ చెయ్యి గోడలో ఇరుక్కుంటోంది, ఏం చేయాలి?

యూనిటీలో (గేములు తయారుచేసే సాఫ్ట్‌వేర్) సొంతంగా ఓ చిన్న క్రాష్ గేమ్ చేస్తున్నా. బండి మీంచి ఎగిరిపడ్డ రాగ్‌డాల్ (కీళ్లు వదులుగా ఉండి గుడ్డబొమ్మలా పడే బొమ్మ) మెట్ల మీద చక్కగా దొర్లుతుంది, చూస్తే నాకే నవ్వాగదు. కానీ సెకనుకు 25 మీటర్ల వేగం దాటి గోడను గుద్దిందంటే మోచెయ్యి రబ్బరులా సాగి, ముంజెయ్యి గోడలో ఇరుక్కుని, ఆగకుండా గిలగిలా కొట్టుకుంటుంది.

ఫిక్స్‌డ్ టైమ్‌స్టెప్ (ఫిజిక్స్ లెక్క ఎన్ని సెకన్లకోసారి జరగాలో) 0.02 నుంచి 0.01కి తగ్గించా, సాల్వర్ ఇటరేషన్లు (ప్రతి లెక్కలో కీళ్లు, తాకిళ్లు ఎన్నిసార్లు సరిచేయాలో) 6 నుంచి 20కి పెంచా, జాయింట్లన్నిటికీ ప్రొజెక్షన్ (పక్కకు జరిగిన కీలును తిరిగి చోటికి తెచ్చేది) ఆన్ చేశా. సాగడం తగ్గింది గానీ ఇరుక్కోవడం పోలేదు. మొత్తం 11 భాగాలకూ కంటిన్యువస్ డైనమిక్ (వేగంగా వెళ్లేవి గోడలోకి దూరిపోకుండా దారి పొడవునా తాకిడి చూసే పద్ధతి) పెడితే పోతోంది, కాకపోతే ఫోన్‌లో గేమ్ నత్తనడకే. మొండెం బరువు 20, ముంజెయ్యి 0.5 పెట్టా (అనుమానం దీని మీదే).

ఫోన్‌లో స్పీడ్ పడిపోకుండా ఇది ఆగాలంటే ముంజేతి బరువు పెంచాలా, కొలైడర్ (తాకిడి లెక్కకు వాడే కనబడని ఆకారం) లావు చేయాలా?