21 పరమవీర చక్రల్లో సాపర్లకు దక్కింది ఒక్కటే: ఇది న్యాయమేనా?

మాధవరం మనవడు:
సభ్యులకు నమస్కారం. మా తాతగారు సైన్యంలోని ఇంజనీర్ల దళమైన మద్రాస్ సాపర్స్‌లో పనిచేశారు (సాపర్ అంటే ఆ దళపు సైనికుడు). యుద్ధం గురించి ఎన్నిసార్లు అడిగినా ఆయన నోట ‘దారి తీశాం’, ‘వంతెన వేశాం’, ‘మందుపాతరలు ఏరాం’ అనే మాటలే వినిపించేవి, శత్రువును కాల్చిన కథ ఒక్కటీ వినిపించలేదు. అందుకే ఈ ప్రశ్న నన్ను చాలాకాలంగా వేధిస్తోంది. ఇప్పటివరకు పరమవీర చక్ర అందుకున్నవారు 21 మంది కాగా, వారిలో ఇంజనీర్ల దళానికి చెందినవారు 1948 నాటి సాహసానికి ఆ గౌరవం పొందిన సెకండ్ లెఫ్టినెంట్ రామ రఘోబా రాణే ఒక్కరే. 1780లో మద్రాస్ పయనీర్లుగా మొదలై, నేటికీ తెలుగు, తమిళ, కన్నడ, మలయాళ యువకులను చేర్చుకుంటున్న దళం ఒకటి ఉండగా, బెంగాల్, బొంబాయి సాపర్లు కూడా ఉండగా, 1948 తర్వాత ఆ స్థాయికి తగినవారు ఒక్కరూ లేరా?

పాకిస్తాన్‌తో 1971 యుద్ధంలో బసంతర్ నది దగ్గర జరిగిన పోరునే తీసుకుందాం. 1971 డిసెంబర్ 15 రాత్రి, శకర్‌గఢ్ ప్రాంతంలో, శత్రువు పరిచిన మందుపాతరల మధ్య ట్యాంకులకు దారి చేసినవారు 9 ఇంజనీర్ రెజిమెంట్ సాపర్లు. ఆ పోరులో రెండు పరమవీర చక్రలు వచ్చాయి, ఒకటి అశ్వదళానికి (అంటే నేటి ట్యాంకు దళానికి), ఒకటి పదాతిదళానికి. అదే రంగంలో పాతరలు తొలగిస్తూ ప్రాణమిచ్చిన మేజర్ విజయ్ రతన్ చౌదరికి మాత్రం మహావీర చక్ర వచ్చింది. ఇది నాకు అన్యాయంగా తోస్తోంది.

గుంటూరు పాఠకుడు:
మీ తాతగారి మీద గౌరవంతోనే విభేదిస్తున్నాను. పతకాలు దళాలకు వంతులవారీగా పంచేవి కావు. ఆ రెండు పరమవీర చక్రలు పొందినవారిని, అంటే తన ట్యాంకు మంటల్లో ఉండగా దిగిపొమ్మన్నా దిగక, తుపాకీ ఇంకా పనిచేస్తోందని చెప్పి పోరాడిన 21 ఏళ్ల అరుణ్ ఖేతర్‌పాల్‌నూ, గాయాలతోనే జర్పాల్ దగ్గర పట్టు నిలిపిన మేజర్ హోషియార్ సింగ్‌నూ ఎవరితో పోల్చి తగ్గించగలం? పైగా బసంతర్‌లో దారి పూర్తికాలేదు. సాపర్లు సగం దాకా వచ్చేసరికి, నది ఆవల పట్టు సంపాదించిన పదాతిదళం శత్రు ట్యాంకుల అలికిడి వినిపిస్తోందని కబురు పంపింది. 17 పూనా హార్స్ అనే ట్యాంకు దళ నాయకుడు లెఫ్టినెంట్ కల్నల్ హనూత్ సింగ్ మిగిలిన పాతరల మీదుగానే ట్యాంకులను నడిపించారు. అక్కడి తెగింపు ట్యాంకు దళానిదే అని ఒప్పుకోవాలి.

పాత హవల్దారు:
నేను సాపర్‌గా పనిచేసి పదవీ విరమణ చేసినవాణ్ని. గుంటూరు పాఠకుడు గారు ‘సగం దారి’ అన్నారు గనుక, ఆ సగం ఏమిటో చెప్పకుండా ఈ చర్చ ముందుకు సాగదని నా అభిప్రాయం. చీకట్లో బోర్లా పడుకుని, సన్నని చువ్వను నేలలోకి ఏటవాలుగా, గట్టిగా నొక్కకుండా గుచ్చాలి. నిట్టనిలువునా గుచ్చితే పాతర తలమీదే నొక్కుడు పడుతుంది. చువ్వకు ఏదైనా తగిలితే చుట్టూ మట్టిని వేళ్లతో తీసి, అది రాయో పాతరో తేల్చుకోవాలి. ఇనుము తక్కువగా ఉన్న పాతరను యంత్రం పట్టకపోవచ్చు గనుక చివరికి చేతినే నమ్ముకోవాలి. ట్యాంకును పేల్చే పాతర మనిషి బరువుకు సాధారణంగా పేలదు, కానీ దాని పక్కనే మనిషి కాలిని తీసేసే చిన్న పాతరలు కూడా ఉంటాయి. ఆ పని సాగుతున్నంతసేపూ ఫిరంగి గుండ్లు పడుతూనే ఉంటాయి, సాపర్ మాత్రం ఎదురు కాల్చలేడు, లేచి పరుగెత్తలేడు. శుభ్రం చేసిన మేరకు తెల్లటి టేపు పరుస్తూ జానెడు జానెడుగా జరగాలి. హనూత్ సింగ్ గారి నిర్ణయం సరైనదేనని నేనూ అంటాను, ఎందుకంటే తెల్లవారేలోగా ట్యాంకులు చేరకపోతే అవతలి పదాతిదళం మిగిలేది కాదు. అయితే ఆయన తెగించవలసిన దూరం తగ్గిందంటే అది ఆ టేపు వల్లనే.

రాణే గారి సంగతి చూడండి. 1948 ఏప్రిల్ 8న జమ్మూ కశ్మీర్‌లోని నౌషేరా–రాజౌరి దారిలో పాతరలు తీస్తుండగా మోర్టారు గుండ్లు పడి, ఆయన మనుషుల్లో ఇద్దరు మరణించారు, ఆయనతో సహా ఐదుగురు గాయపడ్డారు. అయినా వెనక్కి వెళ్లక, ట్యాంకు కిందికి పాకి, దానితోపాటే జరుగుతూ, తాడు లాగి డ్రైవరుకు సైగలు చేస్తూ పాతరలను తప్పించి నడిపించారు. ఆయన దళం తెరిచిన ఆ దారిలోనే 12వ తేదీకి సైన్యం రాజౌరి చేరింది. అంతకుముందు, 1941లో, అబిసీనియా (నేటి ఇథియోపియా) సరిహద్దులో బొంబాయి సాపర్లకు చెందిన ప్రేమీంద్ర సింగ్ భగత్ నాలుగు రోజుల్లో 55 మైళ్ల మేర 15 మందుపాతరల క్షేత్రాలను తొలగింపజేశారు. ఎక్కిన బండి రెండుసార్లు పేలింది, పేలుడుకు ఒక కర్ణభేరి పగిలింది, అయినా మరొకరికి పని అప్పగించడానికి ఒప్పుకోలేదు. ఆయనకు బ్రిటిష్ వారి అత్యున్నత శౌర్య పతకమైన విక్టోరియా క్రాస్ ఇచ్చారు.

లెక్కల మాస్టారు:
ఒక్క విషయం మాత్రం చెప్పదలచాను. మహావీర చక్ర అంటే రెండవ అత్యున్నత శౌర్య పురస్కారం, దాన్ని ‘మాత్రం’ అనే మాటతో తగ్గించడం మేజర్ చౌదరి గారికే చిన్నతనం తెస్తుంది. ఇక 21 మంది అనే చిన్న సంఖ్య నుంచి ఏ దళానికి అన్యాయం జరిగిందో తేల్చడం లెక్కల దృష్టిలో నిలబడదు.

మాధవరం మనవడు:
మాస్టారు గారూ, ‘మాత్రం’ అన్నది నా పొరపాటే, వెనక్కి తీసుకుంటున్నాను. గుంటూరు పాఠకుడు గారి మాటలోనూ నిజముంది. నా బాధ పతకం కంటే వర్ణన గురించి అనుకుంటాను. దాడిని చూసి రాసేవారికి అది ఒక నిమిషంలో కళ్లకు కడుతుంది, కానీ రాత్రంతా నేలకు కరుచుకుని చేసిన పని రాతలో ‘మార్గం సుగమం చేశారు’ అనే రెండు ముక్కలుగా మిగులుతుంది. రాణే గారి విషయంలో తాడు, ట్యాంకు, రోజుల లెక్క రాసిపెట్టారు కాబట్టే ఈనాటికీ మనం ఆయన గురించి మాట్లాడుకుంటున్నాం.

పాత హవల్దారు:
దానికి నేను ఇంకొకటి కలుపుతాను. 2001 డిసెంబర్‌లో పార్లమెంటుపై దాడి జరిగాక, పంజాబ్, రాజస్థాన్, జమ్మూ సరిహద్దుల వెంట పొలాల్లో, ఇసుకలో మందుపాతరలు పరిచారు. 2002లో సైన్యం వెనక్కి మళ్లింది, యుద్ధం జరగలేదు. పరిచినవాటిని మళ్లీ ఏరవలసింది సాపర్లే. పటంలో గీసిన చోట పాతర ఉంటుందన్న నమ్మకం లేదు, ఎందుకంటే గాలికి ఇసుక దిబ్బ జరుగుతుంది, వానకు మట్టి కొట్టుకుపోతుంది. యుద్ధమే జరగని ఆ కాలంలో పాతరల మీద కాలో ప్రాణమో పోగొట్టుకున్న సాపర్ చేసిన పనిని ఏ యుద్ధం పేరు కింద రాయాలి? మీ తాతగారు చెప్పిన దారులు, వంతెనలు ఏయే ఊళ్ల దగ్గరివో మీకు గుర్తున్నంతవరకు ఇక్కడ రాయండి, నేను మా కంపెనీవి రాస్తాను.