'పదునైందా చూసుకోండి' అని రాస్తే తప్పా? (శెనక్కాయ యాప్ అనువాదం గొడవ)

శెనక్కాయ_చేను (కళ్యాణదుర్గం)

అందరికీ నమస్తే. నేను ఇంట్లో కూర్చుని అనువాదాలు చేస్తా, మాటకింత అని లెక్కగట్టి ఇస్తారు. యాప్‌లు, వెబ్‌సైట్లు, పురుగుమందు డబ్బాలోని కాగితాలు, ఏదొస్తే అది. రెండు నెలలుగా రైతుల కోసం తయారవుతున్న ఒక యాప్ పని నడుస్తోంది. మూలం ఇంగ్లీషులో ఎవరో బయటిదేశం వాళ్లు రాశారు, అవే వాక్యాలు తెలుగు, కన్నడ, తమిళంతో పాటు శెనక్కాయ పండించే వేరే దేశాల భాషల్లోకి కూడా ఒకేసారి పోతాయంట.

అందులో ఒక వాక్యం, విత్తే ముందు నేలలో సరిపడా తడి ఉందో లేదో చూసుకొమ్మని. నేను 'పదునైందా చూసుకుని విత్తండి' అని రాశా. మూడు రోజులకు రివ్యూవర్ దగ్గర్నుంచి ఇలా మారి వచ్చింది: 'విత్తుటకు ముందు నేలలో తగినంత తేమ ఉన్నదో లేదో తనిఖీ చేయండి.' పక్కన ఒక నోటు, ప్రాంతీయ పదం వాడొద్దు, అందరికీ అర్థం కాదు అని.

మా నాయనకు చదివి వినిపించా. 'తనిఖీ చేసేదానికి మనకేమన్నా జీపు ఇస్తారంటనా?' అన్నాడు.

ఇక్కడ వ్యవసాయం తెలియనివాళ్ల కోసం చెప్తున్నా. మా జిల్లాలో ఏడాదికి పడేదే 550 మిల్లీమీటర్ల చుట్టుపక్కల, అదీ ఎప్పుడు పడుతుందో దేవుడికి తెలియాలి. వాన పడిన మరుసటి రోజు చేనులోకి పోతే మన్ను విత్తనం వేసే గొర్రుకు అంటుకుంటుంది, నాలుగు రోజులాగితే ఎర్రనేల గట్టిపడి రాయైపోతుంది. ఆ రెంటికీ మధ్యన ఉండే రెండు మూడు రోజులు, పిడికిట్లో మన్ను తీసి నొక్కితే ముద్దై, వేలితో తాకితే విరిగిపోయే ఆ స్థితి, అదీ పదును అంటే. తేమ అనేది ఎంతుందో మీటరు పెట్టి కొలిచేది. పదునైంది అంటే గొర్రు కట్టు, ఇంక ఆలస్యం చెయ్యొద్దు అని. ఈ రెండూ ఒకటెట్లా అవుతాయి?

ఇంకోటి వినండి. శెనక్కాయ పూత అయినాక కాడ కిందికి వంగి భూమిలోకి దిగుతుంది కదా, దాన్ని ఇంగ్లీషులో పెగ్గింగ్ అంటారు. మాకు పని ఇచ్చే ముందు మిషన్‌తో ఒకసారి అనువాదం చేయించి ఇస్తారు, అందులో 'పెగ్గింగ్ దశలో నీరు తప్పనిసరి' అని వచ్చింది. నాయన ఒకటే నవ్వు, 'పెగ్గులోకి నీళ్లు కావల్లని ఫోన్ చెప్పల్లనా' అని. నేను 'ఊడలు దిగేటప్పుడు' అని మార్చా. దాన్ని కొట్టేసి మళ్లీ పెగ్గింగే పెట్టారు!

అడిగేది రెండు. ఒకటి, ఏం రాయాలి? రెండోది అసలు టెన్షన్. మా అక్క పిల్లోడు పదో తరగతి, పంట గురించి వాడికి ఏం తెలిసినా ఫోన్లోంచే తెలుస్తుంది. రేపు వాడికి 'తేమ తనిఖీ' అనేదే అసలైన తెలుగు, వాళ్ల తాత మాట్లాడేది మోటు అనిపించదా?


ఎర్రముక్కపల్లి_పాఠకుడు (కడప)

తమ్ముడూ, బాధ అర్థమైంది కానీ రివ్యూవర్ వైపు నుంచి కూడా ఒక మాట. ఆ యాప్ శ్రీకాకుళంలో చదువుతారు, ఆదిలాబాదులో చదువుతారు. ఒక్క శెనక్కాయకే చూడు, నువ్వు శెనక్కాయ అంటావు, కర్నూలు పక్క బుడ్డలు అంటారు, తెలంగాణలో పల్లీలు, పుస్తకంలో వేరుశనగ. ఎక్కడో ఒకచోట అందరికీ కలిపి ఒక మాట ఒప్పుకోక తప్పదు.

అసలు ఆ పంటే మనది కాదు కదా, దక్షిణ అమెరికా నుంచి వచ్చింది. మనవాళ్లు కొత్త కాయను చూసి, తెలిసిన శనగతో పోల్చి, వేళ్ల దగ్గర కాస్తుంది కాబట్టి వేరుశనగ అన్నారు. తమిళంలో వేర్కడలై, అంటే సరిగ్గా అదే, వేరు శనగ. కన్నడంలో కడలెకాయి, అక్కడా కడలె అంటే శనగే. మూడు భాషల రైతులూ ఒకే కాయను ఒకే దారిలో తమ భాషలోకి తెచ్చుకున్నారు, ఏ రివ్యూవరూ లేకుండా. అనువాదం మన సంస్కృతిని పాడు చేస్తుందని ఏడ్చేవాళ్లకు నేను ఎప్పుడూ ఇదే చెప్తుంటా.

మా ఇల్లు బ్రౌన్ లైబ్రరీకి దగ్గర, కాబట్టి ఆయన సంగతి ఎత్తకుండా ఉండలేను, ఓర్చుకోండి. సి.పి. బ్రౌన్ 1820లో కడపకు కంపెనీ ఉద్యోగిగా వచ్చాడు. ఇక్కడే బంగళా కొని, సొంత డబ్బు పెట్టి పండితులను కూర్చోబెట్టి తాళపత్రాలు సరిచూయించాడు. 1829లో వేమన పద్యాలను ఇంగ్లీషుతో సహా అచ్చేశాడు. పెద్ద పండితులు వేమనను కవిగా లెక్కపెట్టని రోజులవి. పరాయి భాషలోకి పోయి వచ్చినాక గానీ మనకు కొందరి విలువ తెలియలేదు, ఇది కొంచెం సిగ్గుపడాల్సిన విషయమే.

నీకు పనికొచ్చేది ఇంకోటి ఉంది. 1852లో ఆయన తెలుగు-ఇంగ్లీషు నిఘంటువు వచ్చింది. కావ్యాల్లో మాటలతో పాటు జనం నోట్లోవి కూడా అందులోకి ఎక్కించాడు. అది చాలదని 1854లో మిశ్రభాషా నిఘంటువు అని వేరేగా ఒకటి వేశాడు, సర్కారు కచేరీల్లో తెలుగులో కలిసిపోయిన ఫార్సీ, హిందుస్తానీ, ఇంగ్లీషు మాటలన్నిటికీ. అంటే ఆయనకు శుద్ధమా మోటా అనేది కాదు పట్టింపు, కాగితం మీద ఉన్న మాట కలెక్టరుకు అర్థం కావాలి, కలెక్టరు చెప్పేది రైతుకు అర్థం కావాలి. మీ రివ్యూవర్‌కు నిఘంటువు పేజీ ఫొటో తీసి పంపు, నా మాట కంటే దానికి విలువ ఎక్కువ.


సైలెంట్_రీడర్

డబ్బులిచ్చేవాడు ఏం చెప్తే అది రాసి బిల్లు పెట్టుకో బ్రో. ఆ యాప్ ఎవరూ చదవరు, రైతులు యూట్యూబ్ చూస్తారు.


కందనవోలు_మేష్టారు (కర్నూలు)

పైన ఎర్రముక్కపల్లి సారుకు ఒక సవరణ. పదును ప్రాంతీయ పదం అని మీరూ ఒప్పేసుకున్నారు, అదెట్లా? గోదావరి జిల్లా రైతును అడగండి, వరంగల్ రైతును అడగండి, పదును తెలియనివాడు దొరకడు. మా ఆదోని పక్క నల్లరేగడిలో వానలు తగ్గినాక ఆ పదును మీదనే శనగ విత్తుతారు. అది తెలియనిది రివ్యూవర్‌కు మాత్రమే. సీమకు, కోస్తాకు మధ్య గొడవ కాదబ్బా ఇది. చేనుకు పోయేవాళ్లకు, పోనివాళ్లకు మధ్యది. తనకు తెలియని మాటనల్లా యాస అనేస్తే ఎట్లా?

ఇంకో తమాషా ఏందంటే ఆయన శుద్ధ తెలుగు అనుకుని పెట్టిన 'తనిఖీ' ఉర్దూ నుంచి వచ్చింది. నాకేం అభ్యంతరం లేదు. మా వీధిలో సగం మంది ఇళ్లల్లో దక్కనీ మాట్లాడతారు, నేను పాఠం చెప్పేటప్పుడు హాజరు, ఖాళీ, అర్జీ అనకుండా పది నిమిషాలు ఉండలేను. రైతు అనే మాట కూడా ఆ దారినే వచ్చింది.

పైనుంచి వచ్చే సందేశం మన భాషలో రాకపోవడం కొత్తేమీ కాదు. పత్తికొండ పక్క ఎర్రగుడి దగ్గర అశోకుడి శాసనాలున్నాయి, పిల్లల్ని ఒకసారి తీసుకుపోయినా. బ్రాహ్మీ లిపి, ప్రాకృత భాష. అంటే చక్రవర్తి నోటిఫికేషన్ మన బండరాయి మీదికి వచ్చింది గానీ మన భాషలో రాలేదు. కానీ అదే శాసనంలో ఒక ఏర్పాటు ఉంది, రాజుకులు అనే అధికారులు భేరి మోగించి జనపదంలోని జనానికి ఈ సంగతి చెప్పాలని. చెప్పేవాడు ప్రాకృతం అప్పజెప్పి పోయి ఉంటాడా, ఊరివాళ్ల మాటల్లో చెప్పి ఉంటాడా, మీరే ఊహించుకోండి. నా లెక్కలో ఆ భేరి పక్కన నిలబడినోడే ఈ శెనక్కాయ తమ్ముడికి మూలపురుషుడు. తర్వాత ఎనిమిది వందల ఏళ్లకు గానీ, 575 ప్రాంతంలో, రేనాటి చోళులు కడప జిల్లా కలమళ్లలో తెలుగులో శాసనం వేయించలేదు.

తప్పు అనువాదం ఏం చేస్తుందో కూడా మన సీమకే బాగా తెలియాలి. 1800లో నిజాం ఈ జిల్లాలను కంపెనీకి అప్పజెప్పాడు. ఇంగ్లీషువాళ్లు సీడెడ్ అన్నారు, అంటే వదులుకున్నవి, ధారాదత్తం చేసినవి. దాన్ని తెలుగులో దత్తమండలాలు అన్నారు. నూరేళ్లకు పైగా మన ఉత్తరాల మీద, పుస్తకాల మీద ఎవరో ఎవరికో ఇచ్చేసిన నేల అని రాసుకున్నాం! 1928లో నంద్యాల సభలో చిలుకూరి నారాయణరావు గారు రాయలసీమ అనే పేరు ముందుకు తెచ్చారు, అది నిలిచింది. నేల అదే, జనం అదే, కరువూ అదే. పేరు ఎవరి వైపు నుంచి పెడుతున్నామో అది మారింది. ఇప్పుడు మా విద్యార్థులు దత్తమండలం అంటే ఏం సార్ అని అడుగుతారు, నాకు సంతోషంగా ఉంటుంది.

కాబట్టి నీ వాక్యం వదలొద్దు నాయనా.


పెనుకొండ_దుబాసీ

నేను కొరియన్ ఇంటర్‌ప్రిటర్‌ని. ఎర్రమంచిలో కియా ఫ్యాక్టరీ వచ్చినాక మా చుట్టూ కొరియావాళ్ల హోటళ్లు, బోర్డులు అన్నీ వచ్చాయి కదా, నేను విడిభాగాలు చేసే ఒక చిన్న కంపెనీలో చేస్తా. దుబాసీ అనే పేరు సరదాకి పెట్టుకున్నా, రెండు భాషలవాడు అని పాత మాట.

మొదట్లో నాకు కొరియన్ రాదు. వాళ్ల ఇంజనీరు వచ్చీరాని ఇంగ్లీషులో చెప్పేవాడు, నేను తెలుగులో చెప్పేదాన్ని. లైన్ మీద మన పిల్లోళ్లు రోజూ అలిగేవాళ్లు, 'ఏందక్కా ఆయన అంత పొగరు, ఇది చెయ్యి అది తియ్యి అంటాడు' అని. తర్వాత కోర్సు చేసి భాష నేర్చుకున్నా, అప్పుడు తెలిసింది. ఆయన వాడేది 'హె జుసెయో'. అక్షరాలా చూస్తే చేసి ఇవ్వండి అని. మనం 'చేసి పెట్టండి' అంటామే, అదే పద్ధతి, పక్కన ఒక సాయం క్రియ పెట్టి మెత్తగా అడగడం. అది ఆయన ఇంగ్లీషులోకి దిగేటప్పటికి రెండు ముక్కల ఆర్డరు అయిపోయింది, నేను ఆ ఆర్డరునే తెలుగు చేశా. రెండు వైపులా మర్యాద ఉంది, మధ్యలో ఇంగ్లీషు దాటేటప్పుడు జారిపోయింది.

ఇలాంటివి చాలా. వాళ్లు హోదా చివర 'నిమ్' తగిలిస్తారు, మన గారు లాగానే. భర్తను 'ఉరి నంప్యాన్' అంటారు, అంటే 'మా ఆయన'. ఇల్లు కూడా 'ఉరి జిప్', మా ఇల్లు. ఇంగ్లీషులో అయితే నా మొగుడు అనాల్సిందే. ('ఉరి' అనే మాట మొదటి వారం విన్నప్పుడల్లా నాకు గుండె దడే.) పిల్లలు నాన్నను అప్పా అంటారు, మడకశిర నుంచి వచ్చే మా కన్నడం పిల్లోళ్లు అది విని ఎగిరి గంతేశారు. తొందరగా కానీండి అనడానికి 'పల్లి పల్లి' అంటారు. కొత్తలో ఒకడు ఏ పల్లి సార్ అని అడిగాడు. హైదరాబాదు నుంచి వచ్చినోడు క్యాంటీన్ నుంచి నిజంగానే పల్లీలు తెచ్చాడు.

నేను చెప్పేది ఏమంటే, మీ యాప్‌కు మూలం ఇంగ్లీషు అని మీరు అనుకుంటున్నారు. ఆ ఇంగ్లీషు రాసినాయన కూడా ఏ రైతు దగ్గరో వేరే భాషలో విన్నది రాసి ఉండొచ్చు, ఆ రైతుకూ పదును లాంటి మాట ఒకటి ఉండే ఉంటుంది. అది ఇంగ్లీషులో సాయిల్ మాయిశ్చర్ అయింది. దాన్ని మీరు తేమ అంటే జారిపోయింది జారిపోయినట్టే, పదును అంటే మళ్లీ పైకి తెచ్చినట్టు. మీరు మూలాన్ని మార్చట్లేదు.

పనికొచ్చే సలహా ఒకటి: రివ్యూవర్‌తో తెలుగులో వాదించొద్దు. ప్రతి వాక్యానికి కామెంట్ పెట్టే గడి ఉంటుంది కదా, అందులో ఇంగ్లీషులో రెండు లైన్లు రాయండి, ఈ మాట వాన పడినాక విత్తడానికి వీలుండే రోజులను చెబుతుంది, తేమ శాతాన్ని కాదు, తేమ అని రాస్తే రైతు ఆలస్యం చేసే ప్రమాదం ఉంది అని. నష్టం అనే మాట కనపడితే పైవాళ్లు చదువుతారు. మా దగ్గర ఇదే పని చేసింది.


శెనక్కాయ_చేను (కళ్యాణదుర్గం)

అందరికీ థ్యాంక్స్, పది రోజులు ఆలస్యంగా చెప్తున్నా, బోరు మోటరు కాలి ఆ తిరుగుడులో ఉన్నా.

అక్క చెప్పినట్టే ఇంగ్లీషులో కామెంట్ పెట్టా. మేష్టారు చెప్పిన గోదావరి, వరంగల్ సంగతి కూడా కలిపేశా. రివ్యూవర్ ఈసారి మనిషిలాగా జవాబు ఇచ్చాడు. తనది ఊరు కాదని, పుట్టింది పెరిగింది అంతా సిటీలోనేనని, వాళ్ల అమ్మకు ఫోన్ చేసి అడిగితే 'పదును తెలియదా నీకు' అని తిట్టిందని రాశాడు. 'పదునైందా చూసుకుని విత్తండి' ఓకే అయింది. తనిఖీ కూడా పోయింది. సైలెంట్ రీడర్ బ్రో, నువ్వన్నది కూడా నిజమే, మా ఊళ్లో యూట్యూబే చూస్తారు, కానీ ఇదే వాక్యాన్ని యాప్‌లో గొంతుతో కూడా వినిపిస్తారంట, నాయన వింటాడు.

పెగ్గింగ్ మాత్రం ఇంకా తేలలేదు. ఊడలు అంటే మర్రిచెట్టుకు ఉండేవి కదా, శెనక్కాయకు ఊడలేంటి అని అడిగాడు. రేపు పొద్దున చేనులో ఒక చెట్టు పీకి, ఊడలు కనపడేట్టు ఫొటో తీసి పంపిస్తా. పూత అయిపోయి వారమైంది, ఈపాటికి దిగి ఉంటాయి.