“చెప్పండి” అన్న మాటలో తప్పెక్కడుంది?

ప్రశ్న (తిరుపతి నుంచి):
బస్టాండు దగ్గర ఒక లాడ్జిలో ఫోను ఎత్తే పని నాది. మొన్న ఒక యాత్రికుడు, నేను ఆయనను కసురుకున్నానని మా యజమానికి ఫిర్యాదు చేశారు. రికార్డింగు వింటే నేను అన్నవి మూడే ముక్కలు: “చెప్పండి”, “గదులు లేవండి”, “సరేనండి”. ప్రతిదానిలోనూ “అండి” ఉండగా అది కసురుగా ఎలా వినిపించింది? భావంలో 93 శాతం మాటల్లో కాక గొంతులో, ముఖంలో ఉంటుందని శిక్షణలో చెప్పారు, కారణం అదేనా?

జవాబు 1:
ఆ లెక్కను అలా వాడకూడదు. మనస్తత్వ శాస్త్రవేత్త ఆల్బర్ట్ మెహ్రాబియన్ 1967లో ప్రచురించిన రెండు ప్రయోగాలను కలిపి మాటకు 7, గొంతుకు 38, ముఖానికి 55 శాతం అన్న అంకెలు చెప్పారు; ఇష్టాయిష్టాల విషయంలో మాట ఒకటి, గొంతు మరొకటి చెబుతుంటే విన్నవారు దేనిని నమ్ముతారన్నంతవరకే అవి వర్తిస్తాయి. గదులు లేవన్న సమాచారం పూర్తిగా మీ మాటల్లోనే ఉంది. ఫిర్యాదు మాత్రం ఆ కోవలోనిదే: మాట మర్యాద చూపింది, గొంతు చూపలేదు.

జవాబు 2 (సంస్కృతం బోధిస్తాను):
గొంతు మార్పుతో అర్థం మారడాన్ని మన ఆలంకారికులు కాకువు అన్నారు. ఇంద్రుణ్ణి చంపే కొడుకును కోరిన దేవశిల్పి త్వష్ట “ఇంద్రశత్రుః” అన్న పదంలో స్వరం తప్పడం వల్ల, ఇంద్రుడే చంపేవాడుగా గల వృత్రుడు పుట్టాడని కథ.

జవాబు 3 (చిత్తూరు):
పెద్దలు మన్నించాలి, ఆ కథలోది కాకువు కాదు. అక్కడ ఉదాత్తం (వేదంలో ఎత్తి పలికే స్వరం) చోటు మారి తత్పురుష సమాసం (ఇంద్రుణ్ణి చంపేవాడు) బహువ్రీహి (ఇంద్రుడే చంపేవాడుగా గలవాడు) అయింది. తెలుగులో ఆ పేచీ లేదు, మనకు వాక్యం చివరే ముఖ్యం. “చెప్పండి”లో చివరి ఇకారం కాస్త సాగి పైకి లేస్తే రమ్మన్నట్టు, టక్కున తెగి కిందికి పడితే తొందరగా కానిమ్మన్నట్టు ఉంటుంది. పాత ఫోను లైను 300 నుంచి 3400 హెర్ట్జ్ (సెకనుకు కంపనాలు) వరకే మోస్తుంది కనుక గొంతు మూలస్వరం (అన్నిటికంటే కింది స్వరం) చాలావరకు తెగిపోయినా, పై స్వరాలను బట్టి చెవి దానిని పోల్చుకుంటుంది; అందుకే విసుగు దాగదు. నవ్వుతూ మాట్లాడితే పెదవులు సాగి నోటి గొట్టం కురచవుతుంది, ఆ తేడా కూడా అవతలివారికి వినిపిస్తుంది.

ప్రశ్న అడిగినవారు:
మళ్లీ విన్నాను. “చెప్పండి” బాగానే ఉంది. “లేవండి”లో “అండి” సగం మింగేశాను. “సరేనండి” అయితే, పక్కన ఇంకెక్కడైనా దొరుకుతాయా అని ఆయన అడగడం పూర్తికాకముందే అనేశాను.