సురభి కమలాబాయి ఫొటో కింద 1931 వెయ్యాలా, 1932 వెయ్యాలా?

గంటస్తంభం: విజయనగరంలో పెడుతున్న పాత సినిమా ఫొటోల ప్రదర్శనకి రాసిన కేప్షన్ ఇది: "సురభి కమలాబాయి, తొలి తెలుగు టాకీ నాయిక, భక్త ప్రహ్లాద, 1931. కొద్దికాలమే నటించారు." రేపు ప్రింటుకి వెళ్తుంది. అభ్యంతరాలుంటే ఇప్పుడే చెప్పండి.

పాతరీలు: 1931 తప్పు. బొంబాయిలో సెన్సారైంది 1932 జనవరి 22న. అక్కడే కృష్ణా సినిమా హాల్లో ఫిబ్రవరి 6న విడుదలైంది. సినిమా చరిత్ర పరిశోధకుడు రెంటాల జయదేవ ఆధారాలతో సహా బయటపెట్టారు.

నాగావళి: పుస్తకాల్లో 1931 సెప్టెంబరు 15 అనే ఉంది కదండీ. అన్నీ తప్పులేటి?

పాతరీలు: ఒకరిని చూసి ఒకరు రాసినవి ఎన్నుంటే ఏం? సెన్సారు కాకుండా నాలుగు నెలల ముందే హాల్లో ఎలా ఆడుతుంది? హెచ్.ఎం.రెడ్డి గారి 'కాళిదాస్' వచ్చిందే 1931 అక్టోబరు 31న. ఆయనే తీసిన 'ప్రహ్లాద' దాని తరవాతది.

సాలూరు: సినిమా ప్రింటు దొరికితే ఈ గొడవే ఉండదు.

పాతరీలు: ప్రింటు మిగల్లేదు. అప్పటిది నైట్రేటు ఫిలిం. వేడికీ తేమకీ ముందు జిగురవుతుంది, తరవాత పొడై రాలిపోతుంది. కాబట్టి ముందు సెన్సారు తేదీ చూడాలి, హాలు పేరుతో వచ్చిన పేపరు ప్రకటనతో సరిచూడాలి. సినిమాతో పాటు అచ్చేసే పాటల పుస్తకం నటుల పేర్లకి పనికొస్తుంది గానీ విడుదల తేదీకి కాదు.

తోటపల్లి: మీరంతా తేదీ దగ్గరే ఆగిపోయారు. "కొద్దికాలమే నటించారు" అన్నది ఎవరికీ కనపడలేదా? 1932లోనే 'పాదుకా పట్టాభిషేకం', 'శకుంతల' చేశారు. 1951 'పాతాళభైరవి'లో తోట రాముడి తల్లి ఆవిడే.

గంటస్తంభం: మధ్యలో ఎంత ఖాళీ ఉందో చూడండి. పైగా అది తల్లి వేషం.

తోటపల్లి: 'ప్రహ్లాద'లో ఆవిడ వేసిన లీలావతి పాత్రని మీరు నాయిక అన్నారు, ఆ లీలావతి ప్రహ్లాదుడికి తల్లి కాదా? అప్పటికి ప్లేబ్యాక్, అంటే పాట ముందే రికార్డు చేసుకోవడం, లేదు. షాటు తీస్తుండగానే పాడాలి. వాయిద్యాలవాళ్లు కెమెరాకి అందకుండా పక్కన కూర్చునేవారు. చరణం చివర గొంతు జారినా, హార్మోనియం తప్పినా షాటు మళ్లీ మొదటినుంచీ. 35 ఎంఎం ఫిలిం నిమిషానికి 90 అడుగులు పోతుంది, మూడు నిమిషాల పాట చెడితే 270 అడుగులు దండగ. అందుకే నాటకాలవాళ్లని పిలిచారు. ఆవిడ గొంతు తయారైంది సురభి నాటక సమాజం స్టేజీ మీద.

నాగావళి: ప్రదర్శన సినిమాది. నాటకాల గోల ఎందుకు?

తోటపల్లి: గోలా? పోయినసారి కూడా సినిమావాళ్ల ఫొటోలు గుమ్మంలో పెట్టి, నాటకాలవాళ్లవి మెట్ల కింద పెట్టేసినారు. 1892లో 'కన్యాశుల్కం' మొదటిసారి ఆడిన ఊరండీ ఇది!

పాతరీలు: అది వేరే విషయం. సంవత్సరం తేల్చండి.

తోటపల్లి: వేరే కాదు. సినిమాలు మాత్రమే లెక్కపెట్టారు కాబట్టే ఆవిడ కళాజీవితం మీకు కొద్దికాలం అయిపోయింది. అసలు గొడవ అదే.

గంటస్తంభం: సరే, 1932 చేస్తాను. "కొద్దికాలమే" మాత్రం ఉంటుంది.

తోటపల్లి: ఉంచితే ముందు "సినిమాల్లో" అని చేర్చండి. కింద "సురభి రంగస్థల నటి" అని ఇంకో లైను వెయ్యండి.

గంటస్తంభం: చోటు లేదు. ఫొటో కింద ఉన్నది అంగుళం పట్టీ.

తోటపల్లి: ఫొటో అర అంగుళం తగ్గించండి.