ఏసీ గార్డ్స్ సవారు మా ముత్తాత: ఆయన మూలం ఎలా వెతకాలి?

ప్రశ్న:
అందరికీ నమస్కారం. మాది హైదరాబాద్‌లోని ఏసీ గార్డ్స్. నాన్న వైపు సిద్దీలం, అంటే ఆఫ్రికా నుంచి వచ్చినవాళ్ల వారసులం; అమ్మది పాలమూరు. నాన్న వాళ్ల తాత నిజాం ఆఫ్రికన్ కావల్రీ గార్డ్స్ అనే గుర్రపు దళంలో సవారు (రౌతు). మా పేటకు పేరొచ్చింది ఆ దళం వల్లే.

ఇంట్లో ఆయనవి రెండే మిగిలాయి. గుర్రం కళ్లెం పట్టుకుని నిలబడ్డ ఫొటో, అంచులు చెదలు తిన్న పెన్షన్ కాగితం. ఉర్దూలో ఉన్న ఆ కాగితంలో పేరు, తండ్రి పేరు, ఒక నంబరు చదవగలిగాం. దేశం పేరు లేదు. మేనత్త అబిసీనియా (ఇప్పటి ఇథియోపియా) అంటుంది, పెదనాన్న తూర్పు ఆఫ్రికా తీరంలోని జాంజిబార్ దీవి అంటాడు.

పదో తరగతి చదివే మా అమ్మాయిని ‘మీదే దేశం’ అని అడుగుతుంటారు. ‘హైదరాబాదే’ అని గట్టిగా చెబుతుంది. ఇంటికొచ్చాక మాత్రం ‘అంతకుముందు ఎక్కడమ్మా?’ అంటుంది. దానికి నా దగ్గర జవాబు ఉండాలి. డీఎన్ఏ టెస్టు చేయించనా, కాగితాలు వెతకనా?

జవాబు 1:
ముందు కాగితాలే అక్కా. తార్నాకలోని రాష్ట్ర ఆర్కైవ్స్‌లో నిజాం కాలం నాటి ఫార్సీ, ఉర్దూ రికార్డులు ఉన్నాయి. ఒట్టి పేరుతో వెళ్తే తేలదు, ఒకే పేరు ఎందరికో ఉంటుంది. దళం పేరు, తండ్రి పేరు, ఆ నంబరు మూడూ రాసుకెళ్లండి. పాత ఉర్దూ చేతిరాత చదివే పెద్దమనిషిని వెంట తీసుకెళ్లండి, గొలుసుకట్టు రాత మనవల్ల కాదు. ఇంకో మాట: ఆఫ్రికన్ సవార్లను నిజాంకు ఇచ్చింది వనపర్తి రాజా అంటారు. వనపర్తి ఉన్నది మీ అమ్మగారి పాత పాలమూరు జిల్లాలోనే, కాబట్టి అక్కడ కూడా వాకబు చేయండి.

జవాబు 2:
డీఎన్ఏ గురించి చెప్తాను. 2011లో సీసీఎంబీ (హైదరాబాద్‌లోని జీవశాస్త్ర పరిశోధన సంస్థ) శాస్త్రవేత్తలు పాల్గొన్న అధ్యయనం కర్ణాటక, గుజరాత్ సిద్దీలలో బంటూ భాషల జనాల వారసత్వం కనిపించిందని చెప్పింది. స్థానికులతో కలయిక సుమారు 200 ఏళ్ల కిందటిదని లెక్కగట్టింది. కానీ బంటూ జనాలు ఆఫ్రికాలో సగం దూరం పరుచుకున్నారు. టెస్టు ప్రాంతం వరకు చూపిస్తుంది, ఊరు చూపించదు. అమ్మాయికి ముందే ఇది చెప్పండి, లేకపోతే రిపోర్టు చూసి డీలా పడుతుంది. చేయిస్తే మేనత్తకే చేయించండి. మీకన్నా ఒక తరం దగ్గర, పైగా మీ అమ్మ వైపుది కలవదు.

జవాబు 3:
మా అమ్మమ్మదీ ఆ పేటే. పెన్షన్ కాగితాల్లో మగవాళ్లే ఉంటారమ్మా. ఆ సవార్లు ఇక్కడి ఆడవాళ్లను చేసుకున్నారు, వాళ్ల పేర్లు ఏ దఫ్తరులోనూ దొరకవు. మేనత్త దగ్గర కూర్చుని ఎవరి కోడలు ఎవరు, ఎక్కడి పిల్ల అని ఫోన్లో రికార్డు చేయండి. పెళ్లిలో మర్ఫా (సిద్దీల డప్పుల మేళం) మోగేటప్పుడు పెద్దవాళ్లు ఏం పాడేవారో కూడా అడగండి. మా అమ్మమ్మను నేను అడగలేదు, ఆమె పోయింది.

ప్రశ్న అడిగినవారు:
అందరికీ చాలా థ్యాంక్స్. ఆదివారం అమ్మాయిని తీసుకుని మేనత్త ఇంటికి వెళ్తున్నాం. ప్రశ్నలు అదే రాస్తోంది. తార్నాకకు నాతో రాగలిగే ఉర్దూ తెలిసినవాళ్లు ఎవరైనా ఉంటే చెప్పండి.